అల్లుణ్ణి వెనక్కి తిప్పిన రోజు

మా ఇంట్లో అల్లుడంటే గుర్రం. ఈ మాట ముందే చెప్పేస్తే నాకు సగం పని తప్పుతుంది. నలభై ఏళ్ళు వచ్చినా నేను పెళ్ళి మాట ఎత్తనివ్వడం లేదన్న కడుపుమంటతో మా అమ్మ ఒకరోజు ఆ తెల్ల గుర్రానికి ఉలవలు పెడుతూ, "తిను అల్లుడూ, మా ఇంటికి దిక్కు నువ్వే" అంది. ఆమె ఎగతాళికి అంది. వాడు నిజమనుకుని తలెత్తి సకిలించాడు. ఇక తిరువూరులో వాడికి అదే పేరు స్థిరపడిపోయింది. పోటీల కాగితాల్లో వాడికి గొప్ప ఇంగ్లీషు పేరొకటి ఉంది. ఆ పేరుతో పిలిస్తే చెవి కూడా కదపడు.

నేను గుర్రాలతో జంపులు దూకిస్తాను. అదే నా బతుకుతెరువు. మైదానంలో రంగురంగుల కర్రలతో పన్నెండు అడ్డాలు కడతారు. వాటిని వరసగా, పెట్టిన సమయంలోపల దూకించాలి. కర్ర పడితే నాలుగు తప్పులు. గుర్రం జంపు ముందు ఆగిపోతే ఇంకో నాలుగు. రెండోసారి ఆగిందా, గంట కొట్టి ఇంటికి పొమ్మంటారు. ఇదీ ఆట. చెప్పడానికి ఇంతే ఉంది కానీ దీనికోసం నేను రెండుసార్లు భుజం ఎముక విరగ్గొట్టుకున్నాను, మూడు దేశాల్లో పేడ ఎత్తాను. మళ్ళీ పుడితే మళ్ళీ ఇదే చేస్తాను.

నాన్నది పెళ్ళి గుర్రం. తాత జట్కా తోలేవాడు. ఆటోలొచ్చి జట్కా మూలపడ్డాక మా ఇంట్లో గుర్రం ఒక్కటే మిగిలింది. నాన్న దానికి ముఖమల్ గుడ్డ కప్పి, మెడకు పూసల కుచ్చులు కట్టి పెళ్ళిళ్ళకు తీసుకెళ్ళడం మొదలుపెట్టాడు. మా ముస్లింల పెళ్ళయినా హిందువుల పెళ్ళయినా చుట్టుపక్కల ఊళ్ళన్నిటికీ మా గుర్రమే వెళ్ళేది. దానికి కారణం కుచ్చులు కాదు, నాన్న పెట్టుకున్న నియమం. పెళ్ళికొడుకు ఎక్కిన గుర్రం వెనకడుగు వేయకూడదు, వచ్చిన దారిలో వెనక్కి తిరగకూడదు.

ఒకసారి వినగడపలో పైపులు వేయడానికి వీధిని అడ్డంగా తవ్వేసి ఉంచారు. బ్యాండువాళ్ళు, చుట్టాలు, లైట్లు మోసేవాళ్ళు అందరూ వెనక్కి తిరిగారు. నాన్న తిరగలేదు. పెళ్ళికొడుకుతో సహా గుర్రాన్ని ఎవరిదో గొడ్లసావిట్లోంచి, అక్కణ్ణుంచి ఇంకెవరిదో పెరట్లోంచి, బట్టలారేసిన తీగల కిందనుంచి ముందుకే నడిపించి అవతలి వీధిలో తేలాడు. అప్పటికి పెళ్ళికొడుకు తలపాగాకు ఒక తడి చీర చుట్టుకుని ఉంది. జనం పడీపడీ నవ్వారు. కానీ ఆ తర్వాత వినగడపలో ఏ పెళ్ళి కుదిరినా మొదటి కబురు నాన్నకే వచ్చేది. ఏ పెళ్ళింటికి వెళ్ళినా వాళ్ళిచ్చిన మంచినీళ్ళు తాగేముందు నాన్న ఒక మాట అనేవాడు. "మా గుర్రం ఇంతవరకు వెనక్కి తిరగలేదండీ." మిగతావాళ్ళు సొంత ఇల్లుందనో పొలముందనో చెప్పుకున్నట్టు నాన్న అది చెప్పుకునేవాడు.

నాకు ఈ పిచ్చి పట్టింది తొమ్మిదో ఏట. నెమలి అనే ఊళ్ళో పెళ్ళి చూసుకుని పొద్దున్నే ఇంటికి వస్తున్నాం. నాన్న ముందు నడుస్తున్నాడు, నేను గుర్రమెక్కి తాడు పట్టుకుని ఉన్నాను. వెనకనుంచి ట్రాక్టరువాడు చెవులు చిల్లులు పడేలా హారను కొట్టాడు. గుర్రం బెదిరి పొలంలోకి లంఘించింది. ఎదురుగా పంట కాలువ. అయిపోయాననుకున్నాను. అది ఆగలేదు, ఎగిరింది! కింద నీళ్ళు మెరవడం చూశాను. అవతలి గట్టున దిగాక గుర్రం ఏమీ జరగనట్టు గడ్డి కొరుక్కుంది. నాన్న రొప్పుతూ వచ్చి ముందు దాని నాలుగు కాళ్ళూ తడిమి చూశాడు, తర్వాత నా వంక చూశాడు.

"ఏడుస్తున్నావా అమ్మడూ?"

"కాదు నాన్నా, ఇంకోసారి!"

పందొమ్మిదేళ్ళకు హైదరాబాదులో ఒక గుర్రపుస్వారీ స్కూల్లో పేడ ఎత్తే పనికి చేరాను. మూడేళ్ళకు పగ్గాలు చేతికిచ్చారు. ఇంకో నాలుగేళ్ళకు బెల్జియంలో ఒక లాయంలో పని దొరికింది. అక్కడ నా మొదటి పోటీలో ఏం జరిగిందో తలుచుకుంటే ఇప్పటికీ చెవులు కాలతాయి. నాలుగో జంపు ముందు గుర్రం ఆగిపోయింది. చేయవలసింది చిన్నపిల్లలకు కూడా తెలుసు. వెనక్కి తిప్పాలి, ఒక చుట్టు చుట్టి మళ్ళీ పరుగు మీద రావాలి. నా చెయ్యి తిరగలేదు. మా నాన్న గుర్రాల మీద పెరిగిన చెయ్యి అది. జంపుకు ముక్కు ఆనించి నిలబడి, "పదమ్మా, పద బంగారం" అని తెలుగులో బతిమాలుతూ కూర్చున్నాను. గుర్రం నలభై అయిదు సెకన్లు కదలకపోతే పోటీలోంచి తీసేస్తారు. తీసేశారు. నా గురువు ముసలావిడ, ఎందుకు తిప్పలేదని అడిగింది. ఉన్నదంతా విడమరిచి చెప్పాను. ఆమెకు గుర్రం అర్థమైంది, పెళ్ళికొడుకు అర్థమయ్యాడు, ఈ రెండిటికీ ఆ నాలుగో జంపుకీ సంబంధమే అర్థం కాలేదు.

తర్వాత నేర్చుకున్నాను. పరాయివాళ్ళ గుర్రాల మీద పదేళ్ళు ఎన్నో దేశాల్లో దూకాను, కప్పులు తెచ్చాను, పడ్డాను, లేచాను. కప్పులు ఆ గుర్రాల యజమానుల ఇళ్ళల్లోనే ఉన్నాయి. నా గుర్రం మీద, మా దేశం కోటు వేసుకుని ఒక్కసారి దూకాలని మాత్రం లోపల ఒకటే రంధి. రెండోసారి భుజం విరిగినప్పుడు మంచం మీద ఉండగా నాన్న ఫోన్ చేశాడు. నన్ను కాలువ దాటించిన గుర్రం మనవరాలు రెండు నెలల కిందట మగపిల్లను ఈనిందట. తండ్రి రెడ్డిగూడెం మామిడితోటలో ఒక రైతు పెంచుకుంటున్న పాత రేసు గుర్రమట.

"కాళ్ళు చూస్తే తాటిచెట్టంత ఉన్నాయమ్మా. వాడి కాళ్ళు వాడికే అడ్డం పడుతున్నాయి. ఇందాక నీళ్ళ తొట్టి దూకాడు."

"దూకాడా? ఎలా దూకాడు? ముందు కాళ్ళు మడిచాడా?"

"నీళ్ళు మాత్రం నామీద పడ్డాయి."

వాడికి నాలుగో ఏడు వచ్చేసరికి నేను తిరువూరులో ఉన్నాను. వాడి వీపు మీద కూర్చున్న మొదటిరోజే నాకు తెలిసిపోయింది. కింద ఒక స్ప్రింగు ఉంది, దాన్ని ఎవరూ ఇంకా వదల్లేదు! కానీ నాన్న తేలిగ్గా ఇచ్చే మనిషి కాదు.

"నీకిస్తా. పెళ్ళిళ్ళ రోజుల్లో మాత్రం నాకు కావాలి. ఇంకో మాట. వీణ్ణి ఎక్కడా వెనక్కి తిప్పనని మాటివ్వు. తిరగడం మరిగిన గుర్రం పెళ్ళిలోనూ తిరుగుద్ది. రేపు పెళ్ళింటివాళ్ళకి నా మొహం ఎట్టా చూపించుకోను?"

నాకు కోపం ముక్కు మీదే ఉంటుంది. పోటీ గుర్రాన్ని పెళ్ళిళ్ళకు పంపే శిక్షకురాలు ప్రపంచంలో ఉంటుందా అని అరిచాను. ఉంటే ఏం అన్నాడు. చివరికి మాటిచ్చాను. నిజానికి లేత గుర్రానికి అది మంచి పద్ధతే. వాడు జంపు ముందు ఆగితే నేను అక్కడే నిలబెట్టేదాన్ని, నాన్న వచ్చి కర్రలు దించేవాడు. వాడు నడిచి దాటేంత కిందికి దించేవాడు. ఎంతసేపైనా సరే, ముందుకు తప్ప దారి లేదని వాడికి తెలిసిపోయింది. మధిర రోడ్డు పక్క ఖాళీ స్థలంలో అలా రెండేళ్ళు సాధన చేశాం. వెనక్కి తిరగడం అనేది ఒకటుందని కూడా వాడికి తెలియదు.

ఇక మేం చేసిన పొరపాటు సంగతి. ఇలాంటిది లోకంలో ఇంకే లాయంలోనూ జరగదు. పెళ్ళి గుర్రానికి నాన్న మొదట నేర్పేది నిలబడడం. నలభై రోజులు బ్యాండువాళ్ళను తెచ్చి పక్కన వాయింపిస్తాడు, టపాసులు కాలుస్తాడు. అల్లుడికీ అదే చేశాడు. పోటీల్లో మైకులకు బెదరడు కదా అని నేనూ సంతోషించాను. అయితే పక్కన కట్టేసిన వాడి తల్లి పెళ్ళిళ్ళలో పాతికేళ్ళ అనుభవం ఉన్నంత దర్జాగా ఆ డ్రమ్ముకు చిందు వేసేది, ముందు కాళ్ళు ఒకటి తర్వాత ఒకటి ఎత్తి. దాన్ని చూసి వీడూ ఎత్తాడు. బ్యాండు మేస్త్రి మురిసిపోయాడు, నాన్న బెల్లం పెట్టాడు, అమ్మ దిష్టి తీసింది. పెళ్ళిలో కుర్రాళ్ళు ఆడింది చాలు, ఇక కదలాలంటే నాన్న జూలు కింద రెండుసార్లు తట్టి "పద" అనేవాడు. ఎంత మోత మోగుతున్నా గుర్రం చిందు ఆపి నడిచేది. అదీ నేర్పాడు. నేను పళ్ళు నూరుకుంటూ చూశాను. చివరికి నాకూ నవ్వొచ్చింది.

కిందటేడు హైదరాబాదులో మన దేశం జట్టుకు ఎంపిక జరిగింది. ఎనిమిది తప్పులు మించకుండా, సమయంలోపల ముగించినవాళ్ళకే చోటు. ఆ జట్టు ఆసియా పోటీకి వెళ్తుంది. మళ్ళీ ఎంపిక నాలుగేళ్ళకు. నా భుజం నాలుగేళ్ళు ఆగదని డాక్టరు చెప్పాడు, చెప్పకపోయినా నాకు తెలుసు. అంటే ఆ ఒక్క రౌండే నాకున్నది. నాన్న ఇస్త్రీ చొక్కా వేసుకుని వచ్చి కంచె పట్టుకుని నిలబడ్డాడు. పెళ్ళిలో పెట్టుకునే అత్తరు పెట్టుకున్నాడు. గుర్రానికీ పూశాడు, నేను చూడలేదనుకున్నాడు.

గంట కొట్టారు. వెళ్ళాం! మొదటి జంపు మీద వాడు రెండడుగులు ఎక్కువే ఎగిరాడు, కంచె దగ్గర జనం ఓ అన్నారు. రెండు, మూడు, నాలుగు. గాలికి నా కళ్ళలో నీళ్ళు. అయిదో దానికి కొంచెం తొందరపడ్డాను, వెనక కాలు తగిలి కర్ర పడింది. నాలుగు తప్పులు. ఫరవాలేదు, ఇంకా ఉన్నాయి. ఆరు, ఏడు, ఎనిమిది. వాడి చెవులు ముందుకు నిక్కి ఉన్నాయి, నాకు పాడాలనిపించింది.

ఎనిమిదో జంపు దిగీ దిగగానే గోడవతల మోగింది. అవతల ఒక ఫంక్షన్ హాలు. పగటి ముహూర్తం. పెళ్ళికొడుకు కారు దిగినట్టున్నాడు, బ్యాండువాళ్ళు ఒక్కసారిగా అందుకున్నారు. మైదానం బయట వంతు కోసం తిరుగుతున్న గుర్రాలు బెదిరి లేచాయి, ఎవరో కింద పడ్డారు. మావాడు బెదరలేదు. బెదరడానికి వాడేమైనా పరాయివాడా! ఠీవిగా మెడ వంచాడు. పరుగు తగ్గించాడు. తొమ్మిదో జంపు ముందుకొచ్చి ఆగి, కుడికాలు ఎత్తాడు. ఎడమకాలు ఎత్తాడు. జడ్జీలందరి ఎదుట అల్లుడు చిందు వేస్తున్నాడు.

జనం విరగబడి నవ్వుతున్నారు. బోర్డు మీద ఎనిమిది పడింది. పక్కన గడియారం నడుస్తోంది. ఇంకో తప్పుకు చోటు లేదు, ఇంకోసారి ఆగడానికి అసలే లేదు. నాన్న వచ్చి కర్రలు దించే చోటు కాదది. నిలబడ్డ చోటునుంచి ఆ ఎత్తు దూకడం వాడి వల్ల కాదు. వెనక్కి తిప్పి పరుగు మీద రావాలి, అంతే. నాకు తెలుసు. పదేళ్ళు అదే చేశాను. కానీ ఈ గుర్రాన్ని పుట్టిన దగ్గర్నుంచి ఎవరూ వెనక్కి తిప్పలేదు. తిప్పితే ఇక జంపులన్నీ వదిలేసి పారిపోవచ్చని అనుకుంటే? నాన్నకిచ్చిన మాట? బెల్జియంలో చచ్చుపడ్డ చెయ్యే మళ్ళీ చచ్చుపడింది. ఒక సెకను. రెండు. మూడు. నేను కంచె వైపు చూశాను.

నాన్న కంచె మీదికి సగం ఎక్కేశాడు. బ్యాండు మోత మీద, నవ్వుల మీద, ఊరేగింపుల్లో అరిచి అరిచి గట్టిపడ్డ ఆ గొంతు వినిపించింది.

"తిప్పమ్మా! వాడి మీద పెళ్ళికొడుకు లేడు, నువ్వున్నావు! తిప్పెయ్!"

జూలు కింద రెండుసార్లు తట్టాను. "పద అల్లుడూ." వాడి కాలు ఎత్తిన చోటే ఆగి నేల మీదికి దిగింది. ఎడమ పగ్గం లాగాను. వాడు బిత్తరపోయాడు. అలాంటిది ఒకటి ఉందా అన్నట్టు ఒళ్ళంతా బిగదీశాడు, నా మోకాళ్ళ మధ్య అది తెలిసింది. తర్వాత తిరిగాడు! చుట్టు తిరిగి మళ్ళీ తొమ్మిదోది ఎదురుకాగానే నేనేమీ చేయనక్కర్లేకపోయింది. ముందున్నది దాటాలన్నది ఒక్కటే వాడికి తెలుసు. పరుగు అందుకున్నాడు. అవతల డ్రమ్ము దంచుతోంది, వాడు దాన్ని పట్టించుకోవడం మానేశాడు. నేను కేక పెట్టాను, ఏమని కేక పెట్టానో తెలియదు. తొమ్మిది ఎగిరాం! పదోదానికి మలుపు తగ్గించి ఏటవాలుగా వచ్చి దూకాం, బుద్ధున్నవాళ్ళెవరూ అక్కణ్ణుంచి రారు. పదకొండు. కాలు తగిలి కర్ర ఊగింది, పడలేదు. పన్నెండు! దిగి గీత దాటేదాకా నేను ఊపిరి తీసుకోలేదు.

బోర్డు వైపు చూడడానికి ధైర్యం చాలక వాడి జూలులో మొహం దాచుకున్నాను. అత్తరు వాసన గుప్పుమంది. మైకులో చెప్పారు. ఎనిమిది తప్పులు, సమయానికి అర సెకను లోపల. జట్టులో ఉన్నాం! నేను ఏడ్చాను, నవ్వాను, దిగబోయి రికాబులో కాలు ఇరుక్కుని నేల మీద కూలబడ్డాను. పన్నెండు జంపుల్లో పడనిదాన్ని ఆగి ఉన్న గుర్రం మీదనుంచి పడ్డాను.

నాన్న దగ్గరికి వచ్చి, అలవాటుగా, ముందు వాడి నాలుగు కాళ్ళూ తడిమాడు. నా వంక చూడలేదు. కళ్ళు తుడుచుకుంటూ జీను పట్టీ విప్పుతున్నాడు.

"మాట తప్పించావు కదా నాన్నా" అన్నాను.

"నేనే కదా తప్పించింది. నీకేం పాపం లేదులే" అన్నాడు.

ఆసియా పోటీలో మేం పతకమేమీ తేలేదు, జట్టుగా ఆరో స్థానంలో వచ్చాం. దేశం కోటు మాత్రం అమ్మ బీరువాలో నాఫ్తలీన్ ఉండల మధ్య ఉంది, వచ్చినవాళ్ళందరికీ తీసి చూపిస్తుంది. నేను ఇంకోదానికి భయపడుతూ ఉన్నాను. తిరిగి వచ్చిన నెలకు పెళ్ళిళ్ళు మొదలయ్యాయి. వినగడపనుంచి ఒక పెద్దాయన వచ్చాడు, కొడుకు పెళ్ళికి గుర్రం కావాలని. తడి చీర చుట్టుకున్న పెళ్ళికొడుకు ఒకప్పుడు ఆయనేనట, అది చెప్పి తనే నవ్వాడు. అమ్మ ఇద్దరికీ మంచినీళ్ళిచ్చింది. మా ఇంట్లో కూర్చుని ఆయనే ఆ మాట ఎత్తాడు.

"నా పెళ్ళప్పుడు మీరన్న మాట ఇప్పుడూ అనొచ్చా? మీ గుర్రం ఇంతవరకు వెనక్కి తిరగలేదు కదండీ?"

నేను గుమ్మంలోనే నిలబడిపోయాను. నాన్న అవునంటే సరిపోయేది. హైదరాబాదులో జరిగింది వినగడపకు ఎవరు చెప్పబోయారు? నలభై ఏళ్ళుగా ప్రతి పెళ్ళింట్లో చెప్పుకున్న మాట అది, తలూపితే చాలు. నాన్న గ్లాసు కింద పెట్టి, వెన్ను నిటారుగా చేసుకున్నాడు.

"ఒక్కసారి తిరిగిందండీ. నా కూతురు తిప్పింది. అట్టా తిప్పబట్టే దూకింది."

పెద్దాయన కాసేపు నన్నూ, కొట్టంలో ఉలవలు నములుతున్న అల్లుణ్ణీ మార్చి మార్చి చూశాడు. తర్వాత ముహూర్తం ఎన్నింటికో చెప్పి, గుర్రాన్ని గంట ముందే పంపించమన్నాడు.